నాలుగువేల మూడొందల ప్రళయం

సినిమాల నేనే దయ్యాన్ని.
దయ్యం అంటె తన్వీర్ ఒప్పుకోడు,
'జీవి' అనాలె, సైన్సు ఫిక్షన్ గదా.
రెండువేల ఎనభై ఒకటిల గాలి విషమైతది,
పెద్దోళ్లంత పోతరు,
ఇంటర్ చదివేటోళ్లు ఐదుగురు మిగులుతరు.
బొగ్గుబాయిల నుంచి నేను ఎక్కొస్త,
ఒక్కొక్కల్ని వాళ్ల అవ్వ గొంతుతోని పిలిచి తింట.

నా తోలు యూరియా సంచులు,
నా కండ్లు రెండు సైకిల్ రిఫ్లెక్టర్లు,
నెత్తిన మా నాయిన పాత టోపీలైటు.
నెత్తురికి మోదుగుపూలు ఉడకబెట్టినం,
హోలీకి ఏరినయి మిగిలినయి.
పొగకు తన్వీర్ వాళ్ల అమ్మీ ఊదు పళ్లెం.
ఆకాశం నుంచి తీసే షాటుకు
పతంగికి ఫోన్ కట్టినం;
ఫోన్ పగిలింది, షాటు బతికింది.
అన్నీ కలిపి నాలుగువేల మూడొందలు,
అందుల పదిహేనొందలు ఆ అద్దానియే.

సెట్టు మాత్రం ఉత్తగనే.
గోదావరిఖని దాటి డంపర్ల బాట వట్టుకపోతే
జీలుగుపల్లె,
ఓపెన్‌కాస్టు తినంగ మిగిలిన సగం.
పైకప్పులు లేవు. దర్వాజలు, కిటికీలు
ఎవలయి వాళ్లు ట్రాక్టర్లల్ల ఏసుకపోయిన్రు.
ప్రతి గోడ మీద ఎర్ర రంగుతోని నంబరు,
సర్వేవాళ్లు రాసింది.
"చూసినవా, ఆర్ట్ డైరెక్టర్ మనకంటె ముందే వచ్చి పోయిండు"
అని తన్వీర్ మురిసిండు.
నేను సుత నవ్విన.

ఏడో టేకు.
స్పందన కాలు వట్టి గుంతలకు గుంజాలె.
ఆరుసార్లు నవ్వొచ్చి అరుపు తప్పింది.
ఏడోసారి రాయి గీరుకొని నిజంగనే అరిసింది.
అంతే,
గోడల ఎనుక నుంచి గొర్ల కట్టె వట్టుకొని ఒక ముసలాయన
ఉరికొచ్చి నా ఈపు పలగ్గొట్టిండు.
"పొల్లను ఇడువుర!"
యూరియా సంచి చినిగి నేను బయటవడ్డ.
"తాతా, సినిమా! ఉత్తదే తాతా!"

కూసున్నడు. చుట్ట ముట్టిచ్చిండు. కథ మొత్తం ఇన్నడు.
"అందరు సచ్చిన్రు అంటున్నరు,
మరి బర్లేమైనయి?"
బర్ల సంగతి మేం రాసుకోలే.
"కుక్కలు?"
అది సుత రాసుకోలే.
"కుక్కలు పోవు బిడ్డా.
కొత్త కాలనీ దాక ఎంబడి వస్తయి,
తెల్లారి మళ్ల ఈడనే పంటయి."

రెండు గంటలకు సైరన్ కూసింది. బ్లాస్టింగు.
మేం గోడలకు ఒరిగి చెవులు మూసుకున్నం.
ఆయన మూసుకోలే.
గొర్లను అదిలిచ్చి, ఒక ఇంటి ముందలికి వొయ్యి
చెప్పులు ఇడిచిండు.
లేని గొళ్లెం ఎత్తిండు.
లేని దర్వాజ నూకిండు.
పైన ఆకాశం తప్ప ఏం లేదు,
అయినా నెత్తికి తగులకుంట
తల వంచి
లోపటికి పోయిండు.

ఫోన్ ఎవలు ఆపలే.
భూమి అదిరి బొమ్మ వణికింది, అట్లనే ఉంచినం.

దసరా సెలవులల్ల కాలనీల దుప్పటి కట్టి ఏసినం.
నన్ను చూసి చిన్నపోరగాండ్లు సుత నవ్విన్రు,
ఒక కన్ను ఊడి బుగ్గ మీదికి జారింది, కనవడ్డది.
ఆయన తల వంచినప్పుడు
ఎనుక కూసున్న ఆడోళ్లల్ల
ఊపిరి గుంజిన చప్పుడు.
మా అమ్మ తన నుదురు తడుముకున్నది.

ఆఖరికి ఏసే పేర్లల్ల ఏమని రాయాలె తాతా అంటె
పేరు చెప్పలే.
"గోడ మీద ఉన్నది గదా, గదే ఎయ్యుండ్రి."
అప్పటికి ఆ గోడ మీద మట్టి పోసిన్రు.
పన్నెండో నిమిషం కాడ సినిమా ఆపి,
పెద్దగ చేసి చూసుకొని రాసినం:

అమ్మాయి: స్పందన
జీవి: ఓదెలు, అంటె నేనే
ముసలాయన: 2-41